ఫరాసు దేవాలయపు చిత్రములు

ఫిలిప్పువలన బాప్తిస్మము పొందిన కందాకే రాణి మంత్రిని గూర్చి మన విద్యార్థులు అపొస్తలుల కార్యములు 8వ అధ్యాయములో చదివియున్నారు. అతని దేశము ఈజిప్టునకు దక్షిణమున నైలు నది వెంబడి నుండిన నూబియా ప్రాంతము. అచ్చటి రాజులు 6వ శతాబ్దమున క్రైస్తవ మతము నవలంబించిరి. 8వ శతాబ్దమున ఫరాసు పట్టణములో ఒక గొప్ప దేవాలయము వెలసెను. తరువాత పట్టణము పాడుపడి, దేవాలయము ఇసుకలో పూడిపోయెను.

1960లో ఈజిప్టువారు ఆస్వానువద్ద పెద్ద ఆనకట్ట నారంభించిరి. దాని వెనుక నిలుచు నీరు సూడాను దేశములోని ఫరాసును ముంచునని తెలిసి, యునెస్కో సంస్థ అన్ని దేశములను సహాయమడిగెను. పోలండునుండి వచ్చిన మిఖలోవ్‌స్కీ పండితుని బృందము 1961 మొదలు 1964 వరకు అచ్చట త్రవ్వెను. ఇసుక తీసినకొలది గోడలమీద 150కి పైగా చిత్రములు బయలుపడెను. అన్ని శతాబ్దములు ఆ రంగులను కాపాడినది ఆ ఇసుకయే.

అబూ సింబెలు గుడిని రాళ్లుగా కోసి మెట్టకు చేర్చిరి. ఇచ్చట ఆ ఉపాయము కుదరదు. చిత్రములున్నది గోడమీది పలుచని పూతపై. తడిసిన అది నానిపోవును. ఆ పూతనే ఒలువవలెను. మొదట చిత్రముపై పలుచని జపాను కాగితము పరచి, చెట్టుజిగురు కలిపి కరగించిన తేనెమైనమును పూసి, వేడి ఇస్త్రీపెట్టెతో అదిమిరి. మైనము చల్లారి కాగితమును పూతను ఒక్కటిగా పట్టుకొనెను. పిమ్మట పూత వెనుకకు రంపములను కత్తులను పోనిచ్చి, మెల్లగా విడదీసి, పలకమీదికి దించిరి. ఒక చిత్రమును తీయగా దానిక్రింద మరియొకటి కానవచ్చుటయు కలదు. అప్పుడు పని మరల మొదటికి వచ్చును. నీరు మాత్రము ఆగదు. ఆ పండితుల విద్యకంటె వారి చేతి నిదానమునకే మేము ఎక్కువ ఆశ్చర్యపడితిమి.

120 చిత్రములు దక్కెను. 60కి పైగా పోలండు రాజధాని వార్సాకు పోయెను. తక్కినవానిని సూడాను రాజధాని ఖార్టూము ప్రదర్శనశాలకిచ్చిరి. ఖార్టూమునకు పోయినవానిలో ఒకటి అగ్నిగుండములోని షద్రకు, మేషాకు, అబేద్నెగోలది. దేవదూత రెక్కలు చాచి వారిని కాచుచున్నాడు. వార్సాకు చేరినవానిలో మిక్కిలి ప్రసిద్ధమైనది అన్నమ్మ చిత్రము. మరియమ్మ తల్లియని పూర్వ సంఘమువారు చెప్పుకొనిన ఈమె పేరు మన బైబిలులో లేదు. పెద్ద కన్నులతో, పెదవులపై వ్రేలుంచి చూచుచుండును. అది నిశ్శబ్ద ప్రార్థనకు గురుతని కొందరు పండితులందురు. మా తరగతి పిల్లలు మాత్రము, అల్లరి మానుమనుచున్న ఉపాధ్యాయురాలే యనిరి!

1964లో ఫరాసు నీటిపాలయ్యెను. ఆ తీరమున సూడాను భాగములో నివసించిన సుమారు 50,000 మంది నూబియా జనులు తమ ఖర్జూరపు చెట్లను, పెద్దల సమాధులను విడిచి, రైలుబండ్లెక్కి దూరపు క్రొత్త ఊళ్లకు పోయిరి. వారి ఇండ్ల గోడలమీదను రంగుల బొమ్మలుండెను. అవి గోడలతోడనే మునిగెను.