అరువిచ్చిన ఆట

గడచిన కార్తికమాసమున ఒక సాయంకాలము, బడి విడిచిన తరువాత, మా తొమ్మిదవ తరగతి విద్యార్థి నొకనిని వెంటబెట్టుకొని వాని తండ్రి ఉపాధ్యాయుల గదికి వచ్చెను. ఆయన గుమ్మిడిపూండి పారిశ్రామికవాడలో పనిచేయువాడు. "అయ్యవారూ! పెద్దవాడు 4,999 రూపాయలు పోసి కొన్న ఆటకు ఎవరో తాళము వేసినారు. తెరమీద ఇంగ్లీషులో ఏదో వ్రాసి యున్నది. యంత్రము చెడినదని బాగుచేయువాని యొద్దకు తీసికొనిపోతిని. వాడు 800 రూపాయలు పుచ్చుకొని, యంత్రము బాగుగనే యున్నదని చెప్పి పంపినాడు" అని వాపోయెను. కుమారుడు తలవంచుకొని నిలుచుండెను.

నాకు వ్యాకరణము చెప్పుట తెలియును గాని వీడియో ఆటల సంగతి అంతగా తెలియదు. అయినను ఆ తెరమీది వాక్యమును చదివి, నాలుగు దినములు విచారించి, తెలిసికొన్న దానిని ఇచ్చట వ్రాయుచున్నాను. మన విద్యార్థులలో ఇంట ఈ యంత్రములు గలవారు కొలదిమందియే. కాని లేనివారందరును ఉన్నవారి యిండ్లకు పోయి ఆడుచున్నవారే గనుక ఈ పాఠము అందరికిని పనికివచ్చును.

జరిగిన దేమన: ఈ బాలుని అన్న హైదరాబాదున ఉద్యోగము చేయుచున్నాడు. ఆయన మొదట కొన్న ప్లేస్టేషన్ 5 యంత్రము కవరైపేట్టైలోని యింటనే యున్నది. హైదరాబాదు గదిలో ముగ్గురు స్నేహితులు కలిసి కొనుక్కొన్నది మరియొకటి. ఆటను కొన్నది మాత్రము అన్న ఖాతాలో. దసరా సెలవులకు వచ్చినప్పుడు ఇంటి యంత్రమున 'కన్సోల్ షేరింగ్' అను సదుపాయమును ఆయన యేర్పరచి పోయెను. అందువలన తమ్ముడు తన సొంత ఖాతాతోనే ఆ యాటను ఆడగలిగెను. అన్న హైదరాబాదు యంత్రమున తన ఖాతాతో ప్రవేశించి అదే యాటను ఆడుచుండెను. రాత్రి తొమ్మిది గంటలకు అన్నదమ్ములిద్దరును ఒక గంటసేపు కలిసి ఆడుట, ఆటనడుమ ఇంటి సంగతులు మాటలాడుకొనుట వారికి వాడుక. తల్లియు ఆ సమయముననే వచ్చి "తిన్నావా నాయనా" యని పెద్దవాని నడుగుచుండెడిదట.

ఇట్లుండగా తమ్ముడు సూళ్లూరుపేటలోని తన స్నేహితునికి అన్న ఖాతా పేరును, పాస్‌వర్డును చెప్పెను. ఆ పిల్లవాడు తన యింటి యంత్రమున ఆ ఖాతాతో ప్రవేశించెను. "ఈ యంత్రమున షేరింగ్ చేయవలెనా?" అని తెర అడిగినది, అతడు "సరే" యని నొక్కినాడు. ఈ సదుపాయము ఒక ఖాతాకు ఒక సమయమున ఒక్క ప్లేస్టేషన్ 5 యంత్రమునందే చెల్లును. అచ్చట మొదలుకాగానే కవరైపేట్టైలో నిలిచిపోయినది. తమ్ముని తెరమీద ఆట బొమ్మప్రక్క తాళము గుర్తు వెలసినది. పిల్లవాడు భయపడి, యంత్రము చెడినదని తండ్రితో చెప్పెను. 800 రూపాయలు పోయిన దారి యిది.

తండ్రి బయటికి పోయిన వెనుక బాలుడు నన్నొక ప్రశ్న అడిగెను: "అయ్యా! పుస్తకమును స్నేహితునికి చదువ నిచ్చితినన్న మీరే మెచ్చుకొందురు. ఆటను ఇచ్చిన తప్పేమి?"

వెంటనే నాకు ఉత్తరము తోచలేదు. ఏలయన నేను అరువుతో పెరిగినవాడను. 1947 జూలైలో మద్రాసున వెలువడ నారంభించిన 'చందమామ' మా వీథిలో ఒక యింటికే వచ్చుచుండెడిది. నెల తిరుగునప్పటికి పది యిండ్లు చుట్టి, అట్ట లేక, తిరిగి వారి యింటికి చేరెడిది. ఉపాధ్యాయ శిక్షణకై నేను తిరుపతికి పోయినప్పుడు నా చేతికి వచ్చిన చిన్నయసూరి బాలవ్యాకరణప్రతి మొదటి పుటమీద నాకు ముందటి మువ్వురి పేర్లుండెను. మా అవ్వ వామనగుంటల పీట సంగతి చెప్పనక్కరలేదు. అది మా యింట వామనగుంటలు, పొరుగున నున్న తమిళుల యింట పల్లాంగుళి. పేరు మారినను గుంటలు పదునాలుగే. పీట పోయినప్పుడు లెక్కపెట్టి యిచ్చిన చింతగింజలు తిరిగి వచ్చునప్పుడు ఒకటి రెండు తగ్గెడివి, అంతియే. 1990 తరువాత టీవీకి తగిలించు వీడియో ఆటలు వచ్చినవి. వాని క్యాసెట్లను సయితము మేము మార్చుకొంటిమి. ఆట రాకున్న, క్యాసెట్టును తీసి నోటితో ఊది మరల గ్రుచ్చుచుంటిమి.

వీనియన్నిటికిని ఒక లక్షణము కలదు. ఇచ్చినచో ఇచ్చినవాని యొద్ద నుండదు. పీట పొరుగింట నున్నంతవరకు మా అవ్వ ఆడలేదు. అందుచేతనే పుస్తకము నచ్చువేసినవాడు గాని, క్యాసెట్టును చేసినవాడు గాని అరువునకు వెరవనక్కరలేకపోయెను: ప్రతి ఒక్కటియే, చేతులు మాత్రము మారును.

న్యాయస్థానములును ఈ సంగతిని గుర్తించినవి. అమెరికాలో బాబ్స్-మెరిల్ అను ప్రకాశకులు 'ది కాస్ట్‌అవే' అను నవలపై ఒక డాలరునకు తక్కువగా అమ్మరాదని ముద్రించిరి. మేసీ అంగడివారు దానిని 89 సెంట్లకు అమ్మిరి. వ్యాజ్యము అత్యున్నత న్యాయస్థానమునకు పోయెను. ఒకమారు అమ్మిన ప్రతి తరువాతి వెలను శాసించు హక్కు ప్రకాశకునికి లేదని 1908లో తీర్పు వచ్చెను. మన దేశమున 1957 నాటి కాపీరైటు చట్టము కంప్యూటరు ప్రోగ్రాముల ప్రతులను వాణిజ్యముగా అద్దెకిచ్చు హక్కును హక్కుదారునికే యుంచినది. కాని లాభాపేక్ష లేని గ్రంథాలయము గాని విద్యాసంస్థ గాని, న్యాయముగా సంపాదించిన ప్రతిని లాభము కోరక అరువిచ్చుట వాణిజ్యపు అద్దె కాదని 2012 నాటి సవరణ స్పష్టపరచినది. పాఠశాల గ్రంథాలయములు ఆటల డిస్కులను గూడ అలమారలలో నుంచు దినము వచ్చునేమో! మా ప్రధానోపాధ్యాయులు ఈ వాక్యమును చదివి నవ్వకుందురు గాక.

డిస్కు లేక, డౌన్‌లోడు చేసికొను ఆటకు పై లక్షణము లేదు. అది చేతులు మారదు; వ్యాపించును. నా యంత్రమునుండి తీసివేయకయే నీ యంత్రమునకు వచ్చును. దీనిని విచ్చలవిడిగా పంచనిచ్చినచో ఒకడు కొని వేయిమంది ఆడుదురని అమ్మకందారుల భయము. ఆ భయము అర్థము లేనిది కాదు. కావున వారు ఆటను అమ్మరు. ఆడుకొనుటకు అనుమతిని అమ్ముదురు. ఆ యనుమతి కొన్నవాని ఖాతాను పట్టుకొని యుండును. 'కొనుము' అను మీటను నొక్కి 4,999 రూపాయలు చెల్లించిన వాడు నిజమునకు కొన్నది ఈ యనుమతినే. ఆ మీటమీది మాట జనులను మోసపుచ్చుచున్నదని తలచి, కాలిఫోర్నియా రాష్ట్రము ఒక చట్టము చేసెను. 2025 జనవరి 1 నుండి అచ్చట ఇట్టి సరకును 'కొనుము' అని అమ్మువారు, ఇది అనుమతి మాత్రమే యని కొనువానికి స్పష్టముగా తెలుపవలెను.

అనుమతి యనగా ఇచ్చినవాడు మరల తీసికొనగలుగునది. 2009 జూలైలో అమెజాన్ సంస్థ, హక్కులు లేనివారు అమ్మిరను కారణముచేత, జార్జి ఆర్వెల్ రచనలను పాఠకుల కిండిల్ యంత్రములనుండి వారి నడుగకయే తుడిచివేసెను. సొమ్మును తిరిగి యిచ్చెను. తరువాత క్షమాపణయు చెప్పెను. యుబిసాఫ్ట్ వారు 2014లో వెలువరించిన 'ది క్రూ' అను కారుపందెముల ఆట 2024 మార్చి 31న సర్వరు ఆపివేయుటతో ఆగిపోయెను. కొన్నవారి యొద్ద డిస్కు మిగిలెను గాని ఆట మిగులలేదు. మా అవ్వ పీటకు ఇట్టి గతి పట్టదు గదా!

2013లో మైక్రోసాఫ్ట్ వారు తమ క్రొత్త ఎక్స్‌బాక్స్ వన్ యంత్రమున డిస్కులనుగూడ ఖాతాలకు ముడివేయ దలచిరి. ఆడువారు మండిపడిరి. పోటీదారైన సోనీవారు ఆటను పంచుకొను విధమును బోధించు నెపమున ఒక చిన్న చిత్రమును విడిచిరి: అందులో ఒకడు డిస్కును ఇచ్చును, రెండవవాడు పుచ్చుకొని కృతజ్ఞత తెలుపును, అంతటితో పాఠము ముగియును. జూన్ 19న మైక్రోసాఫ్ట్ వారు తమ నిర్ణయమును మార్చుకొనిరి. అయితే కుటుంబములోని పదిమంది వరకు ఆటలను పంచుకొనవచ్చునని వారు అదివరకు ప్రకటించిన సదుపాయమును అప్పుడే మానుకొనిరి. కోపించి గెలిచినవారు ఒక వరమును పోగొట్టుకొనిరన్న మాట.

ఇప్పుడు కుటుంబములో పంచుకొనుటకు దారులు కలవు. ప్లేస్టేషన్ విధము పైన చెప్పితిని. ఎక్స్‌బాక్స్‌లో 'హోమ్ ఎక్స్‌బాక్స్' అని ఒక యంత్రమును గుర్తించిన యెడల, ఆ యంత్రమున ఎవరు తమ ఖాతాతో కూర్చున్నను కొన్నవాని ఆటలను ఆడవచ్చును. ఈ గుర్తును సంవత్సరమునకు అయిదుమారులే మార్చవచ్చును. కంప్యూటరుపై ఆడువారికి స్టీమ్ సంస్థ 2024లో ఏర్పరచిన కుటుంబ సదుపాయమున ఆరుగురికి చోటు కలదు. అది ఒకే యింటివారికొరకు. అందు ఒక కఠిన నియమమున్నది: నీ ఆటను వాడుకొనుచు నీ తమ్ముడు దొంగాట ఆడినచో, ఆ యాటనుండి తమ్ముడే గాక నీవును వెలివేయబడవచ్చును. పెద్దల నాటి ఉమ్మడి కుటుంబపు జమాఖర్చు వలె నున్నది!

నా మనసునకు నచ్చినది నింటెండోవారిది. 2025 ఏప్రిల్ నెలాఖరున వారు, డౌన్‌లోడు ఆటకు తెరమీదనే ఒక కార్డు వంటి రూపమును కల్పించిరి. కుటుంబ సమూహములోని యొకనికి ఆ కార్డును 14 దినములకు అరువీయవచ్చును. ఆ దినములలో ఇచ్చినవాడు ఆ యాటను ఆడలేడు. గడువు తీరగానే కార్డు తనంతట తానే సొంతదారుని చేరును. గ్రంథాలయమున పుస్తకము వెనుక అతికించు గడువుచీటీని చూచినవారికి ఇది వింత కాదు. చేతులు మారునను పాతలక్షణమును, లేని వస్తువునకు బుద్ధిపూర్వకముగా తెచ్చిపెట్టినారు. ఒకరి ఖాతా నింకొకరికి చెప్పవలసిన పనియే లేదు.

బాలుని ప్రశ్నకు ఉత్తరము నాకు ఇచ్చటనే దొరికినది. అతడు స్నేహితునికి ఆటను ఇవ్వలేదు. ఇంటి తాళపుచెవిని ఇచ్చినాడు. అదియు తనది కాదు, అన్నది. ఆ ఖాతాలో ఒక్క యాట మాత్రమే యుండదు: అన్న అంతవరకు కొన్నవన్నియు, ఆయన పేరు, చిరునామా, ఒక్కొక్కప్పుడు బ్యాంకు కార్డు వివరములు నుండును. సూళ్లూరుపేట పిల్లవాడు మంచివాడే కావచ్చును. అతడు మరియొకనికి చెప్పడని ఎవరు పూచీ?

తలిదండ్రులకు ఇంకొక మాట. 4,999 రూపాయల ఆటను 800 రూపాయలకే ఇప్పింతుమని, ఆటకు బదులు ఏదో యొక ఖాతాను చేతికిచ్చు బేరగాండ్రు కలరు. అది సంస్థల నియమములకు విరుద్ధము. అమ్మినవాడు మరునాడు పాస్‌వర్డు మార్చినచో మీ పిల్లవాని చేతిలో మిగులునది శూన్యము. ఫిర్యాదు చేయుటకు రసీదును ఉండదు. అరువిచ్చి పుచ్చుకొను అలవాటున్న యింటివారు యంత్రమును కొనునప్పుడే డిస్కు పెట్టు తావు గలదానిని ఎన్నుకొనుట మేలు. ఆ తావు లేని డిజిటల్ రకము వెల కొంత తక్కువైనను, అందులో పాత డిస్కులను కొనుటకు గాని, స్నేహితులవి తెచ్చి ఆడుటకు గాని వీలులేదు.

నేను బాలునితో, సంగతిని అన్నకు నీవే చెప్పుమంటిని. వాడు నా యెదుటనే ఫోను చేసెను. మొదట పరీక్షల మాట, తరువాత వానల మాట, తరువాత అమ్మ మోకాలినొప్పి మాట యెత్తెను. అసలు మాటకు వచ్చునప్పటికి పావుగంట పట్టినది. అవతలివైపున కొంతసేపు నిశ్శబ్దము. పిమ్మట అన్న అడిగిన దొక్కటే: "నాలుగు రాత్రులు ఆటకు రాకపోయిన, నామీద కోపమనుకొంటినిరా. ముందే చెప్పరాదా?"

ఆయన ఆ రాత్రియే పాస్‌వర్డు మార్చి, అన్ని యంత్రములనుండియు ఖాతాను తొలగించి, ఇకమీద ఎవరు ప్రవేశింపబోయినను తన ఫోనునకు సంఖ్య వచ్చునట్లు రెండంచెల తనిఖీని పెట్టెను. సంక్రాంతికి వచ్చినప్పుడు ఇంటి యంత్రమున షేరింగును తానే మరల నెలకొల్పెను. వచ్చుచు, సూళ్లూరుపేట పిల్లవాడు సగములో విడిచిన ఆ యాటయొక్క పాత డిస్కును తక్కువ వెలకు కొని తెచ్చి తమ్ముని చేతిలో పెట్టెనట. అది యిప్పుడెవరి యింట నున్నదో నాకు తెలియదు. తొమ్మిదవ తరగతిలో ఎవరి నడిగినను చెప్పుదురు.