తటస్థం వేరు, నిష్పక్షపాతం వేరు

పర్యాయపదాల ప్రశ్నలో ‘తటస్థం’ ఎదురుగా ‘నిష్పక్షపాతం’ అని రాస్తే మార్కు పడిపోతుంది. రోజువారీ మాటల్లోనూ మనం తేడా చూడం. కానీ యుద్ధంలో గాయపడినవాళ్ళకు సాయం అన్న విషయం దగ్గరికి వచ్చేసరికి ఈ రెండు మాటలూ విడిపోతాయి.

తటం అంటే ఒడ్డు. ఒడ్డున నిలబడి ఏట్లో దిగనివాడు తటస్థుడు. పక్షపాతం అంటే ఒక పక్కకి ఒరగడం; అలా ఒరగనివాడు నిష్పక్షపాతి. మొదటివాడు అసలు తగాదాలోకే రాడు. రెండోవాడు వచ్చినా రాకపోయినా, సాయం చేసేటప్పుడు మాత్రం నీవాళ్ళు, నావాళ్ళు అని చూడడు.

1859 జూన్ 24న ఉత్తర ఇటలీలో సోల్ఫెరినో దగ్గర ఫ్రాన్స్, సార్డీనియా సేనలు ఒకవైపు, ఆస్ట్రియా సేన మరోవైపు తలపడ్డాయి. ఒక్కరోజులో చనిపోయినవాళ్ళు, గాయపడినవాళ్ళు కలిపి దాదాపు 40,000 మంది. హెన్రీ డ్యూనాంట్ అనే స్విస్ వ్యాపారి తన సొంత పని మీద ఫ్రెంచి చక్రవర్తిని కలుద్దామని అటు వచ్చి, పక్కనున్న కాస్తిల్యోనె ఊళ్ళో చిక్కుకుపోయాడు. చర్చి నిండా క్షతగాత్రులే. వైద్యులు చాలరు. నీళ్ళు మోసింది, గాయాలు కడిగింది, కట్లు కట్టింది ఎక్కువగా ఆ ఊరి ఆడవాళ్ళే. శత్రుసైనికుడైన ఆస్ట్రియావాడికీ వాళ్ళు అదే చేత్తో నీళ్ళు పట్టారు. డ్యూనాంట్ పేరు చరిత్రలో నిలిచింది, వాళ్ళ పేర్లు నిలవలేదు.

అతను 1862లో పుస్తకం అచ్చువేశాడు. మరుసటి ఏడు జెనీవాలో ఐదుగురితో కమిటీ ఏర్పడింది, అదే తర్వాత రెడ్‌క్రాస్ అంతర్జాతీయ కమిటీ అయింది. 1864లో 12 రాజ్యాలు మొదటి జెనీవా ఒప్పందం మీద సంతకాలు చేశాయి. ఇక్కడొక చిత్రం చూడండి. సైన్యంలో ఉండే వైద్యుడు ఒక రాజు జీతం తింటాడు, ఆ రాజు దుస్తులే తొడుక్కుంటాడు. అయినా వైద్యం చేస్తున్నంతసేపూ అతన్ని తటస్థుడిగానే లెక్కించాలి, కాల్చకూడదు అంది ఒప్పందం. బదులుగా, గాయపడినవాడు ఏ దేశంవాడైనా సరే చూడాలి.

జెనీవా కమిటీ మాత్రం నిజంగానే ఒడ్డున నిలబడింది. మొదటి ప్రపంచయుద్ధంలో యుద్ధఖైదీల ఆచూకీ తెలిపే ఏజెన్సీ పెట్టి లక్షల కార్డులు రాయించింది. ఆ పని చేసినవాళ్ళలో ఎక్కువమంది స్త్రీలే. రెండు పక్షాలూ నమ్మితేనే కదా రెండువైపుల శిబిరాల్లోకీ రానిస్తారు! అయితే ఆ నమ్మకానికి ధర ఉంది. నాజీలు యూదులను చంపుతున్నారన్న కబుర్లు అందుతున్నా, 1942 అక్టోబరులో కమిటీ చర్చించి, బహిరంగ ప్రకటన చెయ్యకూడదనే తేల్చుకుంది. అది తన వైఫల్యమని తర్వాత కమిటీయే ఒప్పుకుంది. 1967–70లో నైజీరియా నుంచి విడిపోయిన బయాఫ్రాలో ఆకలిచావులు చూసిన కొందరు ఫ్రెంచి వైద్యులకు ఈ మౌనం మింగుడుపడలేదు. వాళ్ళూ, కొందరు పాత్రికేయులూ కలిసి 1971లో ‘సరిహద్దులు లేని వైద్యులు’ సంస్థ పెట్టారు. వైద్యం అందరికీ చేస్తాం, కానీ చూసింది చెబుతాం అన్నారు.

ఇక మన సోలాపూర్‌లో పుట్టిన ఒక డాక్టరు అయితే ఒడ్డు వదిలి ఏట్లోకే దిగాడు. ద్వారకానాథ్ కోట్నీస్. 1946లో శాంతారాం తీసిన సినిమా వల్ల ఆయన కథ మన ఇళ్ళలో పెద్దవాళ్ళకి తెలిసే ఉంటుంది. చైనా మీద జపాను దండెత్తినప్పుడు, చైనా సేనాని జు దె కోరిన మీదట కాంగ్రెసు 1938లో ఐదుగురు వైద్యులను పంపింది: అటల్, చోల్కర్, కోట్నీస్, బసు, ముఖర్జీ. తక్కినవాళ్ళు తిరిగొచ్చారు. కోట్నీస్ చైనా ఎనిమిదో రూటు సైన్యంలో చేరి, 1941లో బెథూన్ అంతర్జాతీయ శాంతి ఆసుపత్రికి అధిపతి అయ్యారు. ఆపరేషన్లు చేస్తూనే అక్కడి కుర్రాళ్ళకు వైద్యం నేర్పారు.

ఆయన తటస్థుడా? కాదు. ఆ మాట దాచక్కర్లేదు. పరాయి పాలనలో ఉన్న దేశం, దాడికి గురైన ఇంకో దేశానికి చాచిన చెయ్యి అది. అందులో రాజకీయం ఉంది. అంతమాత్రాన అది మానవతా సాయం కాకుండా పోతుందంటే నేను ఒప్పుకోను. 1949 జెనీవా ఒప్పందం కూడా వైద్యుడి మనసు ఎటుందో అడగదు. ఎవరికి ముందు వైద్యం అన్నది గాయం తీవ్రతను బట్టే తేలాలి, జాతినో మతాన్నో రాజకీయాన్నో బట్టి కాదు, అంటుంది. అది నిష్పక్షపాతం. సైనిక వైద్యుడికీ అదే వర్తిస్తుంది. అలాగని ఒడ్డున నిలబడేవాళ్ళని పిరికివాళ్ళనడమూ తొందరపాటే. అందరూ ఏట్లో దిగితే, అవతలి శిబిరంలోని ఖైదీ ఉత్తరం ఇంటికి చేర్చేదెవరు?

కోట్నీస్ 1941లో అక్కడే గువో చింగ్లాన్ అనే నర్సింగు అధ్యాపకురాలిని పెళ్ళాడారు. 1942 డిసెంబరు 9న మూర్ఛవ్యాధితో పోయేనాటికి ఆయనకు 32 ఏళ్ళు, కొడుకు ఇంకా నెలల పిల్లాడు. ఆ బిడ్డకు యిన్‌హువా అని పేరు పెట్టారు. చైనా భాషలో ‘యిన్’ అంటే ఇండియా, ‘హువా’ అంటే చైనా.