జీతం పెరిగిన తేదీ ఒకటి, చేతికొచ్చే తేదీ ఇంకొకటి

చిక్కపేట చుట్టుపక్కల బళ్లలో పనిచేసే తెలుగు టీచర్లకు

సవరణ 2022 జూలై 1 నుంచి అన్నారు. ఆ బకాయి ఏదండీ?

ఉత్తర్వులో ‘నోషనల్’ అన్న మాట వెతకండి. కె. సుధాకర్‌రావు అధ్యక్షుడిగా ఉన్న కర్ణాటక ఏడో వేతన సంఘం సిఫారసుతో, 27.5 శాతం ఫిట్‌మెంట్‌తో కొత్త స్కేళ్లు 2022 జూలై 1 నుంచి లెక్కలోకి వచ్చాయి. డబ్బు మాత్రం 2024 ఆగస్టు 1 నుంచే. మధ్య 25 నెలల పెంపు కాగితానికే పరిమితం. 2023 ఏప్రిల్ నుంచి ఇచ్చిన 17 శాతం మధ్యంతర భృతే ఊరట. ఆంధ్రలో 11వ పీఆర్సీదీ ఇదే కథ: లెక్క 2018 జూలై నుంచి, డబ్బు 2020 ఏప్రిల్ నుంచి. ఇలాంటి తేదీని ఖజానా విషయమంటూ కోర్టులు సాధారణంగా కదపవు.

మరి దేనికి పోరాడాలి?

డబ్బు మొదలైన తేదీ దాటాక కూడా మీ ఒక్కరి ఫిక్సేషన్ ఆగినా, ఇంక్రిమెంటు తప్పిపోయినా. ముందు బీఈవో ఆఫీసులో సర్వీసు రిజిస్టరు నకలు తీసుకోండి. అర్జీ ఇచ్చి, ముద్ర వేసిన రసీదు దాచుకోండి.

ఎక్కడికి వెళ్లాలి?

సర్కారు టీచరైతే కెంపేగౌడ రోడ్డు కందాయ భవన్‌లోని రాష్ట్ర పరిపాలనా ట్రైబ్యునల్‌కు. చిక్కపేట నుంచి ఎంతో దూరం లేదు. ఎయిడెడ్ బడి టీచర్లు గ్రాంటు జీతం కోసం సాధారణంగా హైకోర్టులో రిట్ వేస్తారు. ప్రైవేటు టీచరు లేబర్ కోర్టుకు పోదామంటే కష్టం: టీచరు ‘వర్క్‌మన్’ కాదని సుందరంబాల్ కేసులో 1988లోనే సుప్రీంకోర్టు తేల్చింది. మిగిలేది సివిల్ దావా, అదీ జీతం రావాల్సిన రోజు నుంచి 3 ఏళ్లలోపు.

అర్జీల మీద అర్జీలు పెడుతున్నాను. గడువు ఆగుతుందా?

ఆగదు. చాలామంది దెబ్బతినేది ఇక్కడే. అర్జీకి 6 నెలల్లో జవాబు రాకపోతే, ఆ తర్వాత ఏడాదిలోపు ట్రైబ్యునల్ గడప తొక్కాలి. రిమైండర్లు ఎన్ని పెట్టినా గడువు పెరగదని ఎస్.ఎస్. రాథోడ్ కేసు (1989) చెబుతోంది. అయితే తప్పుడు ఫిక్సేషన్ వల్ల ప్రతి నెలా జీతం తగ్గుతుంటే అది కొనసాగే అన్యాయం. ఆలస్యంగా వెళ్లినా కేసు వింటారు. కానీ తర్సేమ్ సింగ్ తీర్పు (2008) ప్రకారం బకాయి మాత్రం మామూలుగా వెనక్కి 3 ఏళ్లకే.

వడ్డీ అడగవచ్చా?

అడగండి. కోవిడ్ వేళ ఆంధ్ర ప్రభుత్వం వాయిదా వేసిన జీతాలు, పెన్షన్ల కేసులో 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు 6 శాతం వడ్డీ ఇప్పించింది. హైకోర్టు 12 అన్నదాన్ని తగ్గించిందనుకోండి, అయినా జీతం హక్కేనని తేల్చింది.

ఎక్కువ ఇచ్చామంటూ తిరిగి రాబడితే?

రిటైరైనవారి నుంచి, ఏడాదిలో రిటైరయ్యేవారి నుంచి, గ్రూపు సి, డి ఉద్యోగుల నుంచి వసూలు చేయరాదని రఫీక్ మసీహ్ తీర్పు చెప్పింది. 2016లో జగ్‌దేవ్ సింగ్ కేసు దానికో మెలిక పెట్టింది. సవరణ ఆప్షన్ ఇచ్చేటప్పుడు, ఎక్కువ వస్తే తిరిగిస్తానని హామీ రాసినవారికి ఆ రక్షణ దొరకలేదు. ఆ కాగితం చదివాకే సంతకం పెట్టండి.