నిప్పు రాజేసే మాట

పాఠ్యభాగ ఉద్దేశం: ఇంటిపనులతో ముడివడిన పదాల విలువను తెలియజేసి, వాటి సేకరణ పట్ల విద్యార్థులకు ఆసక్తి కలిగించడం.

డోర్నకల్ బొగ్గు దారిలోని కూడలి. సింగరేణి గనులవైపు సాగే రైలుమార్గం ఇక్కడే చీలుతుంది. 2016 వరకు వరంగల్ జిల్లాలో, ప్రస్తుతం మహబూబాబాద్ జిల్లాలో ఉన్న ఈ ఊరి మీదుగా వెళ్లిన బొగ్గు దూరప్రాంతాల యంత్రాలలో మండింది. చుట్టుపక్కల పల్లెల పొయ్యిలలో మాత్రం కట్టెలు, పిడకలే మండాయి.

ఆ పొయ్యి చుట్టూ ఒక పదసంపద అల్లుకొన్నది. రాత్రి వంట ముగిశాక ఇల్లాలు నిప్పుకణికలను బూడిదతో కప్పి ఉంచేది. ‘నివురుగప్పిన నిప్పు’ అనే పలుకుబడికి మూలమదే. తెల్లవారాక నివురు తొలగించి, చితుకులు పేర్చి, ఊదుగొట్టంతో ఊది నిప్పు ‘రాజేసేది’. అగ్గిపుల్ల గీసి అంటిస్తే అది ‘ముట్టించడం’. కాలుతున్న కట్టెను లోనికి నెట్టి మంట పెంచితే అది ‘ఎగదోయడం’. చూపునకు ఒకటిగా తోచే పనిలో భాష ఇన్ని దశలను గుర్తించింది.

‘నిప్పు’ దేశ్యపదం, తమిళంలోని ‘నెరుప్పు’ దీనికి సోదరపదం. ‘అగ్గి’ సంస్కృత ‘అగ్ని’ శబ్దానికి ప్రాకృతం ద్వారా వచ్చిన రూపం. పల్లె పొయ్యిలో ఈ రెండూ కలిసి వెలిగాయి.

ఇటువంటి మాటలు ఇతర భాషలలోనూ కలవు. ఉత్తర ఇంగ్లండు, స్కాట్లండు మాండలికాలలో నిప్పు రాజేయడాన్ని ‘బీట్’ అనేవారు. ప్రాచీనాంగ్లంలో ఈ క్రియకు ‘బాగుచేయు’ అనే అర్థం కూడా ఉన్నది. చల్లారబోయే నిప్పును నిలబెట్టడం వారి దృష్టిలో బాగుచేయడమే!

1999లో ఆంధ్రప్రదేశ్‌లో మొదలైన ‘దీపం’, 2016లో దేశమంతటా వచ్చిన ‘ఉజ్జ్వల’ పథకాలు ఎన్నో ఇళ్లకు వంటగ్యాసును చేర్చాయి. స్త్రీల కన్నులను మండించిన పొగ తగ్గింది, అది సంతోషించదగినదే. అయితే పొయ్యితోపాటు దాని మాటలూ మరుగున పడుతున్నాయి. ‘వివాదం రాజుకొన్నది’ అని పత్రికలలో చదివే నేటి విద్యార్థికి, ఆ మాట వెనుక ఊదుగొట్టం కనబడదు.

భద్రిరాజు కృష్ణమూర్తి సంపాదకత్వంలో 1962లో వెలువడిన మాండలిక వృత్తిపదకోశం తొలి సంపుటం వ్యవసాయ పదాలను భద్రపరచింది. ఆ కృషి ప్రతి ఇంటా కొనసాగవలసి ఉన్నది. అవ్వ నోటి మాటను రాసుకోవడమంటే, నివురు తొలగించి నిప్పును రాజేయడమే.

కఠిన పదాలు
నివురు = నిప్పుపై పేరుకొనే సన్నని బూడిద
చితుకులు = ఎండిన సన్నని పుల్లలు

ప్రశ్నలు
1. ‘రాజేయడం’, ‘ముట్టించడం’, ‘ఎగదోయడం’ – ఈ పదాల అర్థభేదాన్ని వివరించండి.
2. మీ ఇంటి పెద్దలనడిగి వంటపనికి సంబంధించిన పది పాత పదాలను సేకరించి, వాటి అర్థాలు రాయండి.