ధనాగారపు కావలి: డాక్టర్ యాగ వేణుగోపాలరెడ్డి

హైదరాబాదు నగరమున తార్నాక కూడలికి చేరువనే ఉస్మానియా విశ్వవిద్యాలయపు విశాల ప్రాంగణము కలదు. 1918వ సంవత్సరమున స్థాపింపబడిన ఈ విద్యాసంస్థకు, 1939లో ప్రారంభింపబడిన ఆర్ట్సు కళాశాల భవనము మకుటము వంటిది. ఈ విశ్వవిద్యాలయమున డాక్టరేటు పట్టము పొంది, పిమ్మట ఇచ్చటనే సందర్శకాచార్యులుగా పాఠములు చెప్పిన తెలుగువారొకరు కాలక్రమమున దేశ ధనాగారమునకు కావలి యైరి. ఆయనయే డాక్టర్ యాగ వేణుగోపాలరెడ్డి.

ఆయన 1941 ఆగస్టు 17వ తేదీన కడప జిల్లా, రాజంపేట ప్రాంతమునందలి పాటూరు గ్రామమున జన్మించిరి. మద్రాసు విశ్వవిద్యాలయమున అర్థశాస్త్రమునందు ఎం.ఏ. పట్టము పొందిరి. 1964లో ఐ.ఏ.ఎస్. ఉద్యోగమున ప్రవేశించి, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వమున ఆర్థిక, ప్రణాళికా వ్యవహారములను నిర్వహించిరి. తరువాత కేంద్ర ఆర్థిక మంత్రిత్వ శాఖకు సంయుక్త కార్యదర్శి యైరి.

అది గడ్డుకాలము. 1990లో గల్ఫు ప్రాంతమున పుట్టిన సంక్షోభముచే చమురు ధర పెరిగెను. 1991 జూన్ నాటికి మన దేశమువద్ద మిగిలిన విదేశీ ద్రవ్యము నూరుకోట్ల డాలర్లకు కొంచెము హెచ్చు మాత్రమే. అది కొన్ని వారముల దిగుమతులకైనను చాలీచాలనిది. అప్పుల వాయిదా తప్పినచో దేశము మాటకు విలువ పోవును. ఇంటి పరువు నిలుపుటకు ఇల్లాలు మెడలోని నగను తీసి యిచ్చినట్లు, ఆ జూలై మాసమున రిజర్వు బ్యాంకు సుమారు 47 టన్నుల బంగారమును విదేశమునకు పంపి, దానిని తాకట్టుపెట్టి 40 కోట్ల డాలర్ల అప్పు తెచ్చెను. బొంబాయిలో ఆ బంగారమును విమానాశ్రయమునకు కొనిపోవు వాహనములలో ఒకటి దారిలో చెడి ఆగిపోగా అధికారులు పడిన ఆందోళనను వేణుగోపాలరెడ్డిగారు పిమ్మట వెల్లడించిరి. అప్పు చేసి పప్పుకూడు తినుటలోని ప్రమాదమును ఆయన కన్నులార చూచిరి.

1996 నుండి 2002 వరకు రిజర్వు బ్యాంకు ఉప గవర్నరుగను, పిదప అంతర్జాతీయ ద్రవ్యనిధిలో కార్యనిర్వాహక సంచాలకులుగను పనిచేసి, 2003 సెప్టెంబరు 6వ తేదీన ఆయన రిజర్వు బ్యాంకు గవర్నరు పదవిని స్వీకరించిరి.

ఇప్పుడు కాలము మారినది. దేశమున వ్యాపారములు వృద్ధి చెందుచుండెను. భూముల ధరలు ఆకాశము నంటుచుండెను. బ్యాంకులు ఉత్సాహముతో అప్పు లిచ్చుచుండెను. అందరును సంతోషించుచున్న వేళ ఆయన జాగ్రత్త వహించిరి. ప్రజలు బ్యాంకులో దాచుకొన్న ప్రతి నూరు రూపాయలకు 2003లో నాలుగున్నర రూపాయలను బ్యాంకులు రిజర్వు బ్యాంకునందు నిలువ ఉంచవలసి యుండెను. ఆయన దానిని క్రమక్రమముగా పెంచగా, 2008 ఆగస్టు చివరకు అది 9 రూపాయ లయ్యెను. వాణిజ్య భవనములకు, స్థలములకు సంబంధించి నూరు రూపాయల అప్పిచ్చు బ్యాంకు తన స్వంత మూలధనము కనీసము 9 రూపాయలు చూపవలసి యుండగా, 2006 నాటికి పదమూడున్నర రూపాయలు చూపవలసి వచ్చెను. నష్టము వచ్చినచో బ్యాంకు భరించగలుగవలెనని దీని భావము.

ఈ కట్టుబాట్లు పలువురకు రుచింపలేదు. దేశాభివృద్ధికి అడ్డు తగులుచున్నారని కొందరు నిందించిరి. ప్రభుత్వముతోను అభిప్రాయభేదములు కలిగెను. ఆయన తన అభిప్రాయమును దాచక చెప్పిరి. చెప్పి తన విధిని నిర్వర్తించిరి. పేదలును బ్యాంకు గడప తొక్కవలెనని, చాల తక్కువ నిలువతోనో నిలువ లేకయో ఖాతా తెరచు సదుపాయమును 2005లో రిజర్వు బ్యాంకు ఏర్పరచినదియు ఆయన కాలముననే.

2008 సెప్టెంబరు 5వ తేదీన ఆయన పదవీకాలము ముగిసెను. పది దినములకే అమెరికాలో లేమన్ బ్రదర్స్ అను పెద్ద సంస్థ కుప్పకూలెను. అనేక దేశములలో బ్యాంకులు తలక్రిందులయ్యెను. మన దేశమునకు దెబ్బ తగులలేదని కాదు. ఎగుమతులు తగ్గెను, వ్యాపారములు మందగించెను. కాని పెద్ద బ్యాంకేదియు కూలిపోలేదు. కొత్త గవర్నరు దువ్వూరి సుబ్బారావుగారు, ఆయనయు తెలుగువారే, బ్యాంకుల నిలువను 2009 జనవరి నాటికి 9 నుండి 5 రూపాయలకు తగ్గించి ధనమును మరల వాడుకలోనికి వదలిరి. పండిన యేట నింపిన గాదె యుండుటచేతనే కరవునాడు విప్పుటకు వీలయ్యెను. ఇల్లు కాలునప్పుడు బావి త్రవ్వ నారంభించిన ఫలమేమి?

2010లో భారత ప్రభుత్వము వేణుగోపాలరెడ్డిగారిని పద్మవిభూషణ్ బిరుదముతో గౌరవించెను. 2013లో ఆయన పదునాలుగవ ఆర్థిక సంఘమునకు అధ్యక్షులైరి. కేంద్రము రాష్ట్రములకు పంచియిచ్చు పన్నుల భాగము నూటికి 32 నుండి 42కు పెరుగవలెనని ఆ సంఘము సిఫారసు చేసెను. ప్రభుత్వము దానిని అంగీకరించెను.

వరద వచ్చినప్పుడు గట్టు విలువ అందరకును తెలియును. వరద రాకముందే, నలుగురు నవ్వుచున్నను, గట్టునకు మన్ను పోయువాడు అరుదు. ప్రజల ధనము పరుల సొమ్మని యెంచి కాపాడుట, నిజమును నిర్భయముగా చెప్పుట, చెప్పిన పిమ్మట కర్తవ్యమును వీడకుండుట: ఉత్తమోద్యోగికి వలయు గుణములు ఇవియే.