అమ్మా బిడ్డా ఒక్కచోట

దక్షిణాఫ్రికా దేశం మనకు చాలా దూరం. సముద్రం దాటి పోవాలి. అయినా ఆ దేశం పేరు మన పెద్దలు విన్నదే. గాంధీగారు ఇరవై ఏళ్ల పాటు అక్కడ ఉన్నారు. అంతకు ముందే, 1860 నుంచే, చెరకు తోటల్లో కూలి పనికి మద్రాసు రేవు నుంచి ఓడల్లో మనవాళ్లను అక్కడికి తీసుకుపోయారు. వాళ్లలో తెలుగువాళ్లూ ఉన్నారు. ఆ ఓడలు ఆగిన ఊరు డర్బన్. వాళ్ల మునిమనవలు ఇప్పటికీ అక్కడ ఉన్నారు.

ఈ పాఠం ఆ దేశంలో పుట్టిన ఒక పిల్లవాడి గురించి. అతని పేరు ఎన్కోసి జాన్సన్. కొత్త పేరు గదా, కూడబలుక్కుని చదవండి. ఎన్ - కో - సి. అక్కడి జులూ భాషలో ఆ మాటకు రాజు అని అర్థం. ఈ రాజు బతికింది పన్నెండేళ్లే.

ఎన్కోసి 1989 ఫిబ్రవరి 4న పుట్టాడు. పుట్టుకతోనే అతని ఒంట్లో హెచ్.ఐ.వి. ఉంది. హెచ్.ఐ.వి. అంటే ఒక పురుగు. కంటికి కనపడదు. రక్తంలో చేరి, రోగాలతో పోరాడే బలాన్ని కొద్దికొద్దిగా తినేస్తుంది. బలం బాగా తగ్గిపోయాక వచ్చే స్థితినే ఎయిడ్స్ అంటారు. ఎన్కోసి తల్లి డాఫ్నేకు ఆ పురుగు సోకింది. ఆమె నుంచి బిడ్డకు వచ్చింది.

డాఫ్నే పేదరాలు. ఆమెను రోగం ఎంత భయపెట్టిందో, ఇరుగుపొరుగు అంత భయపెట్టారు. తనకూ బిడ్డకూ ఈ జబ్బు ఉందని తెలిస్తే వాడలో ఉండనిస్తారా? తరిమేస్తారు. అందుకని ఆమె ఎవరికీ చెప్పలేదు. రోగులను చూసే ఒక ఆశ్రమంలో బిడ్డను పెట్టింది. అప్పటికి పిల్లాడికి రెండేళ్లు. వీలు దొరికినప్పుడల్లా వచ్చి చూసుకుని పోయేది.

కన్నబిడ్డను అలా వదిలి వెళ్తుందా ఏ తల్లయినా, అని కొందరు అంటారు. అనడం తేలిక. ఇల్లు పోతుంది, పని పోతుంది, నీళ్ల దగ్గరికి కూడా రానివ్వరు అని భయపడ్డ మనిషికి ఏ దారి ఉంది? ఎన్కోసి మాత్రం తల్లిని ఎప్పుడూ తప్పుపట్టలేదు. అమ్మకు తనంటే ఎంతో ప్రేమ అనే చెప్పేవాడు.

కొన్నాళ్లకు డబ్బులు లేక ఆ ఆశ్రమం మూతపడింది. పిల్లాడు ఎక్కడికి పోవాలి? ఆశ్రమం పెద్దల్లో గెయిల్ జాన్సన్ అనే ఆమె ఉంది. సెలవు రోజుల్లో ఎన్కోసిని తన ఇంటికి తీసుకుపోతూ ఉండేది. ఇక నా దగ్గరే ఉంటాడు అని ఆమె చెప్పేసింది. గెయిల్ తెల్లజాతి మనిషి. ఎన్కోసి నల్లజాతి పిల్లాడు. తెల్లవాళ్లూ నల్లవాళ్లూ విడివిడిగా బతకాలన్న పాలన ఆ దేశంలో 1994లో గానీ పూర్తిగా పోలేదు. అలాంటి చోట, అందులోనూ ఎయిడ్స్ ఉన్న బిడ్డను ఇంటికి తెచ్చుకోవడమంటే చిన్న ధైర్యం కాదు. అప్పటి నుంచి ఎన్కోసికి ఇద్దరు అమ్మలు. కన్నతల్లి డాఫ్నే, పెంచిన తల్లి గెయిల్.

గెయిల్ పిల్లాడి దగ్గర ఏదీ దాచలేదు. నీకు ఈ జబ్బు ఉంది, నీ రక్తం విషయంలో జాగ్రత్తగా ఉండాలి అని నేర్పింది. కింద పడి దెబ్బ తగిలితే, గాయం మూసుకుని పెద్దవాళ్ల దగ్గరికి పోవాలని అతనికి తెలుసు.

బడిలో సభ

1997లో ఎన్కోసికి ఎనిమిదేళ్లు. జొహానెస్‌బర్గ్ నగరంలో మెల్‌పార్క్ అనే బడి ఉంది. అందులో చేర్పించడానికి గెయిల్ కాగితం నింపింది. పిల్లవాడికి ఏమైనా జబ్బు ఉందా అని ఆ కాగితంలో అడిగారు. ఆమె ఉన్నది ఉన్నట్టు రాసింది. ఎయిడ్స్ అని.

దాంతో గొడవ మొదలైంది. పిల్లల తల్లిదండ్రులూ పంతుళ్లూ కలిసి సభ పెట్టారు. సగం మంది చేర్చుకుందాం అన్నారు. సగం మంది వద్దు అన్నారు.

ఇక్కడ కాసేపు చదవడం ఆపండి. మీ ఊరి బడిలో ఇలాంటి సభే జరిగింది అనుకోండి. మీ పిల్లలూ అదే బడిలో చదువుతున్నారు. మీరు ఏ సగంలో ఉండేవారు? పక్కనున్న అక్కతో మాట్లాడండి. వద్దన్న వాళ్లు చెడ్డవాళ్లని అనుకోనక్కర లేదు. వాళ్లకు తెలియదు, అంతే. తెలియని చోట భయం ఉంటుంది.

ఆ జబ్బు ముట్టుకుంటే రాదు. పక్కన కూర్చుంటే రాదు. ఒకే కంచంలో తిన్నా, ఒకే చెంబుతో నీళ్లు తాగినా రాదు. దగ్గితే, తుమ్మితే రాదు. దోమ కుడితే రాదు. మరి ఎలా వస్తుంది? జబ్బు ఉన్నవారితో నిరోధ్ లేకుండా కలిస్తే వస్తుంది. వాళ్లకు పొడిచిన సూదితోనే ఇంకొకరికి పొడిస్తే వస్తుంది. పరీక్ష చెయ్యని రక్తం ఎక్కిస్తే వస్తుంది. కడుపులో ఉండగా గానీ, కాన్పు సమయంలో గానీ, పాల ద్వారా గానీ తల్లి నుంచి బిడ్డకు వస్తుంది.

మెల్‌పార్క్ బడిలో తల్లిదండ్రులకూ పంతుళ్లకూ ఈ సంగతులన్నీ వివరంగా చెప్పించారు. భయం తగ్గింది. ఎన్కోసి బడిలో చేరాడు. పేపర్లన్నీ ఈ కథ రాశాయి. 1999లో అక్కడి ప్రభుత్వం దేశం మొత్తానికీ వర్తించే కట్టుబాటు చేసింది. హెచ్.ఐ.వి. ఉందని ఏ బిడ్డనూ బడి నుంచి దూరం పెట్టకూడదు.

కానీ ఎన్కోసి బడికి పోవడం డాఫ్నే చూడలేదు. బడి మొదలవకముందే ఆమె చనిపోయింది. నిద్రలోనే ప్రాణం పోయింది. ఇంట్లో ఫోను మోగితే తీసింది ఎన్కోసే. అవతల పిన్ని గొంతు. గెయిల్‌కు ఇవ్వు అంది. కాసేపటికి గెయిల్ సంగతి చెప్పింది. పిల్లాడు బావురుమన్నాడు. అమ్మను పెట్టెలో పెట్టి మట్టిలోకి దించడం కళ్లారా చూశాడు.

అమ్మల కోసం ఒక ఇల్లు

ఆ దుఃఖం అతన్ని వదల్లేదు. అయితే అందులో నుంచే ఒక ఆలోచన పుట్టింది. జబ్బు ఉన్న తల్లి బిడ్డకు ఎందుకు దూరంగా ఉండాలి? ఇద్దరికీ జబ్బే గదా. ఇద్దరినీ ఒకే ఇంట్లో ఉండనిస్తే ఏం పోయింది? బిడ్డ దగ్గరుంటే తల్లి ఇంకొన్నాళ్లు ఎక్కువ బతుకుతుంది. తల్లి దగ్గరుంటే బిడ్డకు ధైర్యం.

1999లో గెయిల్, ఎన్కోసి కలిసి జొహానెస్‌బర్గ్‌లో ఒక ఇల్లు తెరిచారు. దానికి ఎన్కోసి పేరే పెట్టారు. హెచ్.ఐ.వి. ఉన్న పేద తల్లులు తమ పిల్లలతో పాటు అక్కడ ఉండవచ్చు. తిండి, మందు, పిల్లలకు చదువు. రోగం దాచనక్కర లేదు. ఏడాది తిరిగేసరికి ఆ ఇంట్లో పది మంది తల్లులు, పదిహేను మంది పిల్లలు ఉన్నారు. ఇలాంటి ఇళ్లు ఇంకా కావాలని ఎన్కోసి అడిగేవాడు. పదేళ్ల పిల్లాడికి అంత పెద్ద ఆశ!

2000 జూలైలో ఎయిడ్స్ మీద ప్రపంచ సభ జరిగింది. డాక్టర్లు, నాయకులు, రోగులు వేలమంది వచ్చారు. సభ జరిగిన ఊరు ఏది? డర్బన్. మనవాళ్ల ఓడలు ఆగిన ఊరే. ఆ సభ మొదలైన రోజు పదకొండేళ్ల ఎన్కోసి వేదిక ఎక్కాడు. వయసుకు తగ్గ ఎదుగుదల లేదు. సన్నటి ఒళ్లు. కోటు వదులుగా వేలాడుతోంది. మైకు పట్టుకుని తన కథంతా చెప్పాడు. అమ్మ ఎందుకు దూరంగా ఉండాల్సి వచ్చిందో చెప్పాడు. తమ దగ్గరికి వచ్చిన ఒక పసివాడు ఊపిరి అందక చనిపోయిన సంగతి చెప్పాడు. తర్వాత ప్రభుత్వాన్ని ఒక్కటి అడిగాడు. కడుపుతో ఉన్న తల్లులకు మందు ఇవ్వండి, వాళ్ల బిడ్డలకు ఈ జబ్బు రాకుండా చూడండి అని.

అప్పటికే అలాంటి మందు ఉంది. కానీ ఆ దేశ అధ్యక్షుడు థాబో ఎంబెకి, ఎయిడ్స్‌కు హెచ్.ఐ.వి. కారణమా కాదా అని సందేహం పెట్టుకుని కూర్చున్నాడు. మందు మంచిది కాదనీ ఖర్చు ఎక్కువనీ ప్రభుత్వం సాగదీసింది. ఆ జాప్యం వల్ల 2000 నుంచి 2005 దాకా సుమారు 35,000 మంది పసిబిడ్డలకు జబ్బు అంటుకుందని తర్వాత పరిశోధకులు లెక్క కట్టారు. చదువుకున్న పెద్దమనిషి మూర్ఖపు పట్టు పడితే ఎంతమంది తల్లుల కడుపు కోత!

ఎన్కోసి ఆ మందు రావడం చూడలేదు. 2001 జూన్ 1న, పన్నెండేళ్ల వయసులో చనిపోయాడు. అతన్ని సాగనంపడానికి వేలమంది వచ్చారు.

కానీ అతను అడిగినది ఆగలేదు. రోగులూ వాళ్లవాళ్లూ సంఘం కట్టి కోర్టుకు వెళ్లారు. 2002 జూలైలో అక్కడి పెద్ద కోర్టు తీర్పు చెప్పింది. ప్రభుత్వ ఆసుపత్రుల్లో తల్లులకు మందు ఇచ్చి తీరాలని. మందుల ధర తగ్గడంలో మన దేశం పాత్ర ఉంది. ఒక మనిషికి ఏడాదికి పదివేల డాలర్లకు పైగా అయ్యే మందులను, 2001 ఫిబ్రవరిలో మన సిప్లా కంపెనీ రోజుకు ఒక డాలరు లోపే ఇస్తామంది. తర్వాత హైదరాబాదు కంపెనీలు కూడా ఈ మాత్రలు చేసి ఆఫ్రికాకు పంపాయి.

2005లో పిల్లలకు ప్రపంచ శాంతి బహుమతి అని ఒకటి పెట్టారు. మొదటిసారి దాన్ని చనిపోయిన ఎన్కోసికే ఇచ్చారు. ఆ బహుమతితో ఇచ్చే చిన్న బొమ్మ పేరు కూడా ఎన్కోసే. మరుసటి ఏడు, 2006లో, ఆ బొమ్మ మన రాజస్థాన్ అబ్బాయి ఓం ప్రకాష్ గుర్జర్ చేతికి వచ్చింది. అతను చిన్నప్పుడు పొలంలో వెట్టిచాకిరీ చేసి, బయటపడి, తనలాంటి పిల్లల కోసం పనిచేశాడు.

మన ఆసుపత్రిలో

మన దగ్గరికి వద్దాం. ఆంధ్రలోనూ తెలంగాణలోనూ ఈ జబ్బు దేశం సగటు కంటే ఎక్కువే ఉంది. మందు లేకపోతే, జబ్బు ఉన్న వంద మంది తల్లుల్లో 15 నుంచి 45 మంది నుంచి బిడ్డకు అంటుకోవచ్చు. తల్లి వేళకు మందు వాడితే ఆ లెక్క అయిదు లోపుకు దిగుతుంది. ఎన్కోసి అడిగిన మందు కంటే ఇప్పటివి మంచివి. రోజూ వేసుకోవాలి, జీవితాంతం మానకూడదు. మానకుండా వాడితే తల్లి కూడా చాలా ఏళ్లు బతుకుతుంది. బిడ్డను తనే పెంచుకుంటుంది.

అందుకే కడుపు పడిందని తెలియగానే ప్రభుత్వ ఆసుపత్రికి పోయి రక్త పరీక్ష చేయించుకోవాలి. ఆశమ్మను అడిగితే దారి చెబుతుంది. పరీక్షకూ మందులకూ డబ్బులు తీసుకోరు. భర్తకూ పరీక్ష చేయించాలి. చాలా ఇళ్లల్లో జబ్బు ముందు వచ్చేది ఆయనకే, మాట పడేది మాత్రం ఆమె. ఇది అందరికీ తెలిసిన సంగతే.

పరీక్షలో ఏం తేలిందో బయట చెప్పకూడదు. 2017లో మన పార్లమెంటు చేసిన చట్టం ఉంది. 2018 సెప్టెంబరు నుంచి అది అమల్లో ఉంది. హెచ్.ఐ.వి. ఉందని బడిలో చేర్చుకోకపోయినా, పనిలో నుంచి తీసేసినా, ఆసుపత్రిలో వైద్యం చెయ్యం అన్నా, అద్దె ఇల్లు ఇవ్వకపోయినా అది చట్టవిరుద్ధం.

ఏ అనుమానం ఉన్నా 1097 నంబరుకు ఫోను చేసి అడగవచ్చు. పేరు చెప్పనక్కర లేదు. ఆ ఫోనుకు డబ్బులు పడవు.