ఒకే కంప్యూటరులో రెండు పైథాన్‌లు

ఒకే ఒరలో రెండు కత్తులు ఇమడవను సామెత తెలుగులోను, ఉర్దూలోను కలదు. పైథాన్ అను కంప్యూటరు భాషను వాడువారికి ఇది అనుభవమే.

2008 డిసెంబరులో వెలువడిన పైథాన్ 3, పాత పైథాన్ 2తో పూర్తిగా పొసగలేదు. 2020 జనవరి 1తో పైథాన్ 2కు అధికారిక పోషణ నిలిచిపోయినది. అయినను దానిలో వ్రాసిన ప్రోగ్రాములు ఇంకను ఉన్నవి. కావున కొన్నిచోట్ల రెండింటిని ఒకే యంత్రమున ఉంచవలసి వచ్చును.

ఇందలి ప్రమాదమేమి? రెండు పరీక్షలలో 69 మార్కులు వచ్చిన విద్యార్థి సగటు కట్టుటకు 69ని 2తో భాగింపుమన్నచో, క్రొత్తది 34.5 అనును, పాతది 34 అని ఊరకుండును. హెచ్చరిక ఏదియు రాదు. అర మార్కు నిశ్శబ్దముగా మాయమగును. ఆగిపోవు ప్రోగ్రాము కంటె తప్పు చెప్పుచు నడచు ప్రోగ్రామే ఎక్కువ అపాయకరము.

నివారణ కష్టము కాదు. రెండింటిని వేర్వేరు ఫోల్డర్లలో ఉంచవలెను. ఉత్త 'పైథాన్' అని పిలిచినచో, వెదకవలసిన ఫోల్డర్లను చూపు 'పాత్' అను జాబితాలో ముందున్నదే పలుకును; కనుక సంఖ్యతో కూడిన పేరుతోనే పిలువవలెను. ప్రతి పనికి ప్రత్యేకముగా ఒక వర్చువల్ ఎన్విరాన్‌మెంట్ ఏర్పరచి, దానికి కావలసిన లైబ్రరీలను అందే ఉంచవలెను.

ఒరలు రెండైనచో కత్తులకు కలహము లేదు.